లోటు లెక్క ఎవరిది? బ్రిటన్ విశ్వవిద్యాలయాల పింఛను తగాదా

2022 మార్చి ఆఖరుకి బ్రిటన్ విశ్వవిద్యాలయాల పింఛను నిధిలో దాదాపు 8,880 కోట్ల పౌండ్లున్నాయి. ఏడాది తిరిగేసరికి అవి 7,310 కోట్లకు పడిపోయాయి. అంటే పదిహేను వందల కోట్ల పౌండ్లకు పైగా ఆవిరి. మామూలుగా అయితే దేశమంతా గగ్గోలెత్తిపోవాలి. అలాంటిదేమీ జరగలేదు సరికదా, నిధిలో 740 కోట్ల మిగులు తేలిందని ప్రకటించారు. 2022లో కోసిన పింఛను హక్కుల్ని 2024 ఏప్రిల్ నుంచి తిరిగి ఇచ్చేశారు. ఉద్యోగి జీతంలోంచి పట్టుకునే చందా కూడా తగ్గించారు.

సొమ్ము తగ్గితే మిగులెలా వచ్చింది? 2018 నుంచి 2023 వరకు బ్రిటన్ యూనివర్సిటీల్లో విడతలు విడతలుగా సాగిన సమ్మెల గుట్టు చాలావరకు ఈ ప్రశ్నలోనే ఉంది. ఆ ఏళ్ళలో మాస్టర్స్ కోసం అక్కడికి వెళ్ళిన మన పిల్లలకు ఇవి క్లాసులు రద్దయిన వారాలుగా, గేటు దగ్గర ప్లకార్డులు పట్టుకుని వణుకుతూ నిలబడ్డ ప్రొఫెసర్లుగా గుర్తుండి ఉంటాయి. వాళ్ళు దేనికోసం కొట్లాడుతున్నారో చాలామందికి అంతుపట్టలేదు. అంతుపట్టకపోవడంలో వాళ్ళ తప్పేమీ లేదు. తగాదా జీతం గురించి మాత్రమే కాదు, ముప్పై నలభై ఏళ్ళ తర్వాతి డబ్బుకి ఈరోజు విలువ కట్టే పద్ధతి గురించి కూడా.

మాంచెస్టర్‌లో ఆక్స్‌ఫర్డ్ రోడ్డు మీద రెండు విశ్వవిద్యాలయాలున్నాయి. ఒకటి మాంచెస్టర్ యూనివర్సిటీ, రెండోది మాంచెస్టర్ మెట్రొపాలిటన్. రెంటిలోనూ పాఠం చెప్పేవాళ్ళ పని ఒకటే, పింఛను దారులు మాత్రం వేరు. రెండోది ఒకప్పటి పాలిటెక్నిక్, 1992లో యూనివర్సిటీ హోదా వచ్చింది. అలాంటిచోట్ల అధ్యాపకులు స్కూలు టీచర్లతో పాటు ‘టీచర్స్ పెన్షన్ స్కీమ్’లో ఉంటారు. దానికి వెనక కూడబెట్టిన నిధంటూ ఏదీ లేదు, ప్రభుత్వ ఖజానాయే పూచీ. మొదటిదాని లాంటి పాత విశ్వవిద్యాలయాల వాళ్ళు ‘యూనివర్సిటీస్ సూపర్‌యాన్యుయేషన్ స్కీమ్’లో, అంటే యూఎస్ఎస్‌లో ఉంటారు. 1970ల నడుమ మొదలైన ఈ పథకం వెనక నిజంగానే నిధి ఉంది. యూనివర్సిటీ, ఉద్యోగి నెలనెలా చందా వేస్తారు. ట్రస్టీ సంస్థ ఆ సొమ్మును షేర్లలో, బాండ్లలో, ఆస్తుల్లో పెట్టి పెంచుతుంది. అయిదు లక్షల మందికి పైగా సభ్యులున్న ఈ నిధి, ఆస్తుల విలువలో బ్రిటన్ ప్రైవేటు పింఛను పథకాల్లోకెల్లా పెద్దది. ప్రభుత్వ పూచీ లేదు కాబట్టి చట్టం దృష్టిలో ఇది ప్రైవేటు పథకమే. ఇక్కడ పనిచేసేవాళ్ళు తమను ప్రభుత్వ రంగ ఉద్యోగులమనే అనుకుంటారు, పింఛను దగ్గరికొచ్చేసరికి మాత్రం ఆ అండ ఉండదు.

ఇందులో మూడు వందలకు పైగా సంస్థలు యజమానులుగా ఉన్నాయి. అందరూ కలిసి ఒకే పూచీకత్తు మీద సంతకం పెట్టినట్టు లెక్క. ఒక అప్పుకి పదిమంది ష్యూరిటీ సంతకం పెడితే, తొమ్మిదిమంది చేతులెత్తేసిన రోజున పదోవాడి నెత్తిన మొత్తం పడుతుంది చూడండి, అదే ఏర్పాటు. దీనివల్ల పథకం చాలా గట్టిదవుతుంది. దీనివల్లే డబ్బున్న సంస్థలకు గుబులు కూడా. కేంబ్రిడ్జ్‌లో అందరికంటే సంపన్నమైన ట్రినిటీ కాలేజీ 2019లో సుమారు 3 కోట్ల పౌండ్లు కట్టి మరీ ఈ పథకంలోంచి బయటికి వెళ్ళిపోయింది. ఆఖరికి మిగిలేది తామేనేమోనన్న భయంతోనే వెళ్ళింది. దాని నిర్ణయాన్ని సొంత విశ్వవిద్యాలయంలోని అధ్యాపకులే దుమ్మెత్తిపోశారు.

ఇక అసలు లెక్క. బ్రిటన్ చట్టం ప్రకారం ఇలాంటి నిధికి కనీసం మూడేళ్ళకోసారి విలువ కట్టాలి. చేతిలో ఎంతుందో తేల్చడం సులువు, మార్కెట్ ధరలు చూస్తే చాలు. చెల్లించాల్సింది ఎంతో తేల్చడమే చిక్కు. ఈరోజు చేరిన ముప్పై ఏళ్ళ లెక్చరర్‌కి 2060ల్లో మొదలయ్యే పింఛను, ఆమె తొంభై ఏళ్ళు బతికితే 2080ల దాకా నడుస్తుంది. ఆ భవిష్యత్ చెల్లింపులన్నిటినీ ఈరోజు విలువకి కుదించాలి. కుదించే రేటునే డిస్కౌంట్ రేటు అంటారు. ముప్పై ఏళ్ళ తర్వాత లక్ష పౌండ్లు ఇవ్వాలనుకోండి. నిధి ఏటా 4 శాతం పెరుగుతుందని నమ్మితే ఈరోజు 30,832 పౌండ్లు పక్కన పెడితే చాలు. 2 శాతమే అనుకుంటే 55,207 పౌండ్లు కావాలి. ఇవ్వాల్సిన లక్షలో ఒక్క పౌండు మారలేదు, చేతిలో ఉన్న సొమ్మూ మారలేదు. మారిందల్లా రేపటి మీద మన నమ్మకం. రెండు శాతం తేడాకే అప్పు దాదాపు రెట్టింపైంది.

ఆ నమ్మకం ఎంత ఉండాలో చట్టం అంకెల్లో చెప్పదు. జాగ్రత్తగా ఉండమంటుంది, అంతే. ఎంత జాగ్రత్త అన్నది ట్రస్టీ తేల్చాలి, నియంత్రణ సంస్థ ఓ కన్నేసి ఉంచుతుంది. 2008 తర్వాత బ్రిటన్‌లో వడ్డీలు పాతాళానికి పడిపోయాయి. ప్రభుత్వ బాండ్ల రాబడి తగ్గిన కొద్దీ జాగ్రత్తకు ధర పెరిగింది. రిస్కు తగ్గించాలంటే షేర్లు అమ్మి బాండ్లలోకి మారాలి, బాండ్ల రాబడి తక్కువ, కాబట్టి డిస్కౌంట్ రేటు ఇంకా దిగాలి, కాబట్టి లోటు ఇంకా పెరగాలి. లోటు పెరిగితే మళ్ళీ రిస్కు తగ్గించాలన్న ఒత్తిడి. ఇలా గానుగెద్దు తిరిగినట్టు తిరిగింది వ్యవహారం.

అధ్యాపకుల సంఘం యూసీయూ వాదన ఇది: మాది మూతబడుతున్న ఫ్యాక్టరీ కాదు, ఏటా కొత్తవాళ్ళు చేరుతూనే ఉంటారు, చందాలు వస్తూనే ఉంటాయి. రేపే ఆస్తులన్నీ అమ్మి అందరికీ చెల్లించాల్సిన అగత్యం లేదు. అలాంటప్పుడు దుకాణం కట్టేసేవాడి లెక్క మాకెందుకు? యూనివర్సిటీ యాజమాన్యాల సమాఖ్య యూయూకే వాదన కూడా తీసిపారేసేది కాదు. ఇంగ్లండ్‌లో స్థానిక విద్యార్థుల ఫీజు 2017 నుంచి ఏళ్ళ తరబడి 9,250 పౌండ్ల దగ్గరే ఆగిపోయింది. ఖర్చులు మాత్రం ఆగలేదు. మార్కెట్లు నిజంగా కూలితే ఆ దెబ్బ అన్ని విశ్వవిద్యాలయాల మీదా ఒకేసారి పడుతుంది. అప్పుడు ఎవరు ఎవర్ని ఆదుకుంటారన్నది వాళ్ళ ప్రశ్న.

వాదన ఎవరిది సబబో తేల్చే ముందు, నిర్ణయం ఎవరి చేతిలో ఉందో చూడాలి. పింఛను నిబంధనలు మార్చాలంటే పదకొండు మంది కూర్చునే ఒక సంయుక్త సంప్రదింపుల కమిటీ ఉంది. యాజమాన్యాల తరఫున అయిదుగురు, సంఘం తరఫున అయిదుగురు, ఒక స్వతంత్ర అధ్యక్షుడు. ఇరుపక్షాలూ పంతానికి పోతే అధ్యక్షుడి కాస్టింగ్ ఓటే శాసనం. 2018 జనవరి 23న ఆ ఒక్క ఓటుతో నిర్ణయం వెలువడింది. ఇకముందు చేసే సర్వీసుకి హామీ పింఛను ఉండదు, చందా అంతా ఎవరి ఖాతాలో వాళ్ళది జమ అవుతుంది, రిటైరయ్యే రోజున మార్కెట్ ఎంత చేతిలో పెడితే అంత. మన దగ్గర సీపీఎస్ (కాంట్రిబ్యూటరీ పెన్షన్ స్కీమ్) ఉద్యోగులకు ఈ మాట కొత్తగా ఏమీ అనిపించదు.

ఇక్కడ ఒక సంగతి చెప్పకపోతే అయోమయం. బ్రిటన్‌లో ఇప్పటికే సంపాదించుకున్న పింఛను హక్కును కోయడానికి చట్టం ఒప్పుకోదు. 1995 నాటి పింఛను చట్టం దాన్ని కాపాడుతుంది. కత్తెర పడేది రేపటి నుంచి చేసే సర్వీసు మీదే. అంటే దెబ్బ ఎప్పుడూ చిన్నవయసు వాళ్ళకే ఎక్కువ. రిటైర్మెంట్‌కి రెండేళ్ళున్న ప్రొఫెసర్‌కి పెద్దగా నష్టం ఉండదు, నిన్న చేరిన తాత్కాలిక లెక్చరర్‌కి మొత్తం జీవితమే మారిపోతుంది. అంతకు ముందూ ఇదే వరస. 2011లో ఆఖరి జీతం మీద పింఛను లెక్కగట్టే పద్ధతిని కొత్తగా చేరేవాళ్ళకి ఆపేశారు, 2016లో పాతవాళ్ళకీ ఆపి, సర్వీసు మొత్తంలో జీతాల సగటు మీద లెక్కగట్టే పద్ధతికి మార్చారు. వరసగా మెట్లు దిగుతూ వచ్చి 2018లో ఏకంగా అడుక్కి తోసేయబోయారన్నమాట.

దాంతో 2018 ఫిబ్రవరి 22న సమ్మె మొదలైంది. నాలుగు వారాల వ్యవధిలో పద్నాలుగు రోజులు, అరవైకి పైగా విశ్వవిద్యాలయాలు. మంచు తుపానులో పికెటింగ్ చేశారు. మార్చి 12న సంఘం నాయకులు యాజమాన్యాలతో ఒక రాజీకి వచ్చారు. మర్నాడే శాఖల ప్రతినిధులు దాన్ని తిప్పికొట్టారు. సొంత నాయకత్వాన్నే కిందివాళ్ళు నిలదీసిన రోజది. చివరికి లెక్కను మళ్ళీ పరిశీలించడానికి ఇరుపక్షాలూ నియమించే నిపుణుల కమిటీకి ఒప్పందం కుదిరింది. సభ్యుల ఓటింగులో 64 శాతం మంది సరేనన్నారు. హామీ పింఛను రద్దు ప్రతిపాదన అటకెక్కింది.

నిపుణుల కమిటీ 2018 సెప్టెంబరులో ఇచ్చిన నివేదిక, లెక్క వేసిన తీరులో సవరించుకోదగ్గవి చాలా ఉన్నాయని తేల్చింది. ఈలోగా బయటపడ్డ సంగతులు మరీ విడ్డూరం. యాజమాన్యాల్లో 42 శాతం రిస్కు తగ్గించాలని కోరుతున్నాయని 2017 నాటి ఒక సర్వే ఆధారంగా చెప్పుకొచ్చారు. ఆ సర్వేలో ఆక్స్‌ఫర్డ్, కేంబ్రిడ్జ్‌లలోని కాలేజీలు ఒక్కోటీ ఒక్కో యజమానిగా లెక్కకొచ్చాయి. కొద్దిమంది సిబ్బంది ఉన్న కాలేజీదీ ఒక ఓటే, వేలమంది పనిచేసే విశ్వవిద్యాలయానిదీ ఒక ఓటే. 2017 సెప్టెంబరులో ట్రస్టీ ప్రతిపాదించిన లెక్కలో 510 కోట్ల పౌండ్లున్న లోటు, ఖరారయ్యేసరికి 750 కోట్లయింది. మధ్యలో నిధికి దొంగలేం పడలేదు. షేర్ల నుంచి బాండ్లకి ఎంత త్వరగా మారాలన్న ఊహ మారింది, అంతే.

ట్రస్టీ బోర్డులోనే ఉన్న జేన్ హటన్ అనే గణాంకశాస్త్ర ప్రొఫెసర్, వారిక్ విశ్వవిద్యాలయం ఆవిడ, ఈ లోటు లెక్క సరిచూడటానికి కావలసిన సమాచారం తనకు అందనివ్వడం లేదని నియంత్రణ సంస్థకు ఫిర్యాదు చేసింది. 2019 అక్టోబరులో ఆమెను బోర్డు నుంచి తొలగించారు. ఆమె నిబంధనలు పాటించలేదన్నది సంస్థ చెప్పిన కారణం. ఎవరి మాట ఎలా ఉన్నా, లెక్క తప్పేమోనని అడగడానికి పూర్తి అర్హత ఉన్న మనిషే బయటికి వెళ్ళాల్సి రావడం ఉద్యోగుల అనుమానాన్ని పెంచిందే తప్ప తగ్గించలేదు.

తర్వాతి అంకం కోవిడ్‌ది. 2018 మార్చి లెక్కలో లోటు 360 కోట్లకు తగ్గింది. ఆ తర్వాతి మదింపుకి తేదీ 2020 మార్చి 31. లాక్‌డౌన్ ప్రకటించి వారం, మార్కెట్లు కుప్పకూలి ఉన్నాయి. ఆ రోజు ఫొటో తీసి దాన్నే ఫ్రేమ్ కట్టించారు. లోటు 1,410 కోట్లు. కొన్ని నెలలకే మార్కెట్లు లేచాయి, కొత్త లెక్క వేయండని సంఘం అడిగింది, ట్రస్టీ ససేమిరా అంది. మళ్ళీ అదే కమిటీ, మళ్ళీ అదే కాస్టింగ్ ఓటు. 2022 ఏప్రిల్ 1 నుంచి కోత అమలైంది.

ఆ కోత ఎంతో 45,000 పౌండ్ల జీతమున్న లెక్చరర్ విషయంలో చూద్దాం. పాత నిబంధన ప్రకారం ఒక ఏడాది పనిచేస్తే ఆ ఏడాది జీతంలో 75వ వంతు, అంటే ఏటికి 600 పౌండ్ల పింఛను ఆమె పేర రాసిపెడతారు. జీవితాంతం వచ్చే హామీ అది. దాంతోపాటు రిటైరయ్యే రోజున మూడింతలు, 1,800 పౌండ్లు ఏకమొత్తంగా. కొత్త నిబంధనలో హామీ లెక్క 40,000 దాకానే, అదీ 85వ వంతు. వచ్చేది 470 పౌండ్లు. మిగిలిన 5,000 పౌండ్ల జీతం మీద 20 శాతం, వెయ్యి పౌండ్లు, ఆమె సొంత మార్కెట్ ఖాతాలోకి వెళ్తుంది. ఒక్క ఏడాదికే ఇంత. ముప్పై ఏళ్ళకి గుణించుకోండి. ఇది కాక ధరలతో పాటు పింఛను పెరగడానికి 2.5 శాతం పరిమితి పెడతామన్నారు. దాని అమలు కొన్నేళ్ళు వాయిదా వేశారు గానీ, అదే ఏడాది అక్టోబరులో బ్రిటన్‌లో ద్రవ్యోల్బణం 11.1 శాతాన్ని తాకింది. 2.5 పరిమితి ఉంటే ఏమయ్యేదో వేరే చెప్పక్కర్లేదు.

ఆ సరికే కథ అడ్డం తిరిగింది. ధరలను అదుపు చేయడానికి బ్యాంక్ ఆఫ్ ఇంగ్లండ్ వడ్డీ పెంచడం మొదలుపెట్టింది. 2021 డిసెంబరు మొదట్లో 0.1 శాతం ఉన్న రేటు 2023 మార్చికి 4.25 అయింది. బాండ్ల రాబడి ఎగిసింది. బాండ్ల ధరలు పడ్డాయి కాబట్టి నిధి ఆస్తులూ కుంగాయి. కానీ డిస్కౌంట్ రేటు పెరగడంతో చెల్లించాల్సిన మొత్తం అంతకంటే ఎక్కువ కుంగింది. 2020లో 8,060 కోట్లుగా లెక్క తేలిన బాధ్యత 2023లో 6,570 కోట్లకు దిగింది. మొదట్లో అడిగిన ప్రశ్నకి జవాబు ఇదే. మూడేళ్ళలో 1,410 కోట్ల లోటు నుంచి 740 కోట్ల మిగులుకి, అంటే 2,150 కోట్ల పౌండ్ల తేడా. పింఛనుదార్లు ఉన్నట్టుండి తగ్గిపోలేదు, యూనివర్సిటీలు కొత్తగా ధనవంతులూ కాలేదు.

2024 ఏప్రిల్ నుంచి మళ్ళీ 75వ వంతు వచ్చింది, హామీ పరిమితి 70,296 పౌండ్లకు పెరిగింది. చందాల తగ్గింపు అంతకు ముందే, జనవరి నుంచే అమలైంది. ఉద్యోగి చందా 9.8 నుంచి 6.1 శాతానికి, యాజమాన్యానిది 21.6 నుంచి 14.5కి. మన 45,000 జీతం లెక్చరర్‌కి ఏటా 1,665 పౌండ్లు మిగులు. కోతలున్న రెండేళ్ళ నష్టాన్ని కూడా విడిగా సర్దారు. కొట్లాడి గెలిచామని సంఘం సంబరపడింది. సగమే నిజమది. 2018 సమ్మె జరక్కపోతే హామీ పింఛను ఆనాడే పోయేది, 2024లో పునరుద్ధరించడానికి ఏమీ మిగిలేది కాదు. ఆ ఘనత సమ్మెదే. 2023లో గాలి మళ్ళింది మాత్రం వడ్డీరేట్ల వల్ల. జాగ్రత్తగా ఉన్నాం కాబట్టే బయటపడ్డామన్న ట్రస్టీ మాట నాకు ఇంకా తక్కువ నిజంగా కనిపిస్తుంది. మూడేళ్ళలో రెండు వేల కోట్లకు పైగా అటూ ఇటూ ఊగిపోయే అంకెను పట్టుకుని, ఒక తరం ఉద్యోగుల పింఛనును శాశ్వతంగా మార్చబోవడం జాగ్రత్త ఎలా అవుతుంది?

కోర్టులకూ ఎక్కారు. ఇవాన్ మెక్‌గాహీ, నీల్ డేవీస్ అనే ఇద్దరు సభ్యులు జనం దగ్గర విరాళాలు పోగుచేసి ట్రస్టీ కంపెనీ డైరెక్టర్ల మీద దావా వేశారు. 2020 మదింపు, కోతలు, ఖర్చుల పెరుగుదల, బొగ్గు చమురు కంపెనీల్లో పెట్టుబడులు, అన్నిటినీ ప్రశ్నించారు. 2022లో హైకోర్టు, 2023 జులైలో అప్పీలు కోర్టు దాన్ని కొట్టేశాయి. సభ్యులు కంపెనీ తరఫున దావా నడిపే పద్ధతి ఇక్కడ చెల్లదన్నారు. లెక్క మీద వాదన ఉంటే దాన్ని తేల్చుకునే చోటు కోర్టు కాదు, బేరసారాల బల్లేనని తేలిపోయింది.

మన దగ్గర పోరు రూపమే వేరు. పింఛను ప్రభుత్వం దయతలచి ఇచ్చేది కాదు, హక్కు అని సుప్రీంకోర్టు 1982 డిసెంబరు 17న నకారా కేసులో చెప్పింది. పాత పింఛనుకి నిధి ఉండదు, ఏ ఏటి బడ్జెట్‌లోంచి ఆ ఏడు చెల్లించాల్సిందే. రాష్ట్ర విశ్వవిద్యాలయాలకైతే ప్రభుత్వమిచ్చే బ్లాక్ గ్రాంటే ఆధారం. అందుకే ఇక్కడ డిస్కౌంట్ రేటు మీద ఎవరూ కొట్లాడరు, తేదీల మీద కొట్లాడతారు. 2004 సెప్టెంబరు 1కి ఒక రోజు ముందు చేరారా, తర్వాత చేరారా అన్నదాని మీద ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో ఒక మనిషి వృద్ధాప్యం ఆధారపడింది. బ్రిటన్ యాజమాన్యాలు 2018లో తేవాలనుకుని తేలేకపోయిన ఏర్పాటు మన సీపీఎస్ వాళ్ళకి అప్పటికే పద్నాలుగేళ్ళ పాతది. అక్కడ యజమాని ప్రతిపాదనను సవాలు చేయడానికి సంఘానికి కమిటీలో యాజమాన్యాలతో సమానంగా కుర్చీలున్నాయి, ఇక్కడ ఒక్క జీవోతో అయిపోయింది. 2023లో ఆంధ్రప్రదేశ్ శాసనసభ ఆమోదించిన జీపీఎస్ (గ్యారంటీడ్ పెన్షన్ స్కీమ్) బిల్లు, 2025 ఏప్రిల్ 1 నుంచి కేంద్రం తెచ్చిన యూపీఎస్ (యూనిఫైడ్ పెన్షన్ స్కీమ్), రెండూ హామీ అన్న మాటను వెనక్కి తెచ్చినవే. ఆ హామీకి నిధి సరిపోకపోతే తేడా ఎవరు భరిస్తారన్నది ఈ పథకాల్లోనూ అడగాల్సిన మొదటి ప్రశ్న.

యూఎస్ఎస్‌కి 2023 తర్వాతి మదింపు తేదీ 2026 మార్చి 31. దానికి ముందు ఇరుపక్షాలూ కలిసి పరిశీలించిన ఆలోచన ఒకటుంది: మూల పింఛనుకి హామీ ఉంచి, ధరలతో పాటు పెరిగే భాగాన్ని మాత్రం నిధి పరిస్థితిని బట్టి ఏటా తేల్చడం. నిధి బాగుంటే పూర్తి పెంపు, బాగోకపోతే పాక్షికం. చందాలు ఊగిసలాడవని యాజమాన్యాలకు నచ్చుతుంది, మంచి రోజుల్లో ఎక్కువ వస్తుందని కొందరు ఉద్యోగులకూ నచ్చుతోంది. రిటైరై, జీతం లేక, పెరిగే ధరల మధ్య బతికేవాళ్ళ మీదికే రిస్కు జరుగుతుందని ఇంకొందరి అభ్యంతరం. ఇంతకీ ఆ ఏడాది నిధి బాగుందో లేదో తేల్చే డిస్కౌంట్ రేటు ఎవరు నిర్ణయిస్తారన్నదే అసలు ప్రశ్న.